గోడవ్రాతలు, గోడబొమ్మలు: వానిని ఛాయాచిత్రములలో నిలుపుట

నేడు నేను మీతో ముచ్చటింపబోవునది మీ యింటి గోడనుగూర్చి. గోడకు లోపలివైపున మీ సంసారమున్నది. దానితో నాకు పని లేదు. వీధివైపు ముఖముతోనే నాకు పని.

మా భీమడోలులో ద్వారకా తిరుమలకు పోవు త్రోవప్రక్కను ఒక పాత ప్రహరీగోడ యుండెడిది. దాని యజమాని ఏటేట సున్నము కొట్టించెడివాడు. ఏటేట ఎవరో యొకరు దానిపై ఏదో యొకటి వ్రాసెడివారు. ఒక వర్షకాలమున పెచ్చు లూడిపోగా, ఉల్లిపాయ పొరలవలె పాతసున్నము లన్నియు బయటపడెను. పైపొరలో చేపలమేత అమ్ము వర్తకుని ప్రకటన. దాని క్రింద సైకిలుచక్రము సగము. ఇంకను లోపల హస్తముయొక్క వ్రేళ్లు రెండు. ఒక మూలను, అన్నిటికంటె అడుగున, ఎద్దుకొమ్మువంటి వంకరగీత. మీలో వయస్సు మీరినవారికి ఈ క్రమము వేరుగ చెప్పనక్కరలేదు. 1951-52 నాటి మొదటి సార్వత్రిక ఎన్నికలలో చదువురాని ఓటరులకొరకు గుర్తులు పెట్టిరి. నాడు కాంగ్రెసుపక్షమునకు కాడియెడ్లు. 1969లో ఆ పక్షము చీలిన పిమ్మట, 1971 ఎన్నికలకు ఇందిరాగాంధి వర్గమునకు ఆవుదూడ వచ్చెను. 1978లో హస్తము వచ్చెను. 1982లో పుట్టిన తెలుగుదేశము మరుసటియేటి ఎన్నికలలో సైకిలు గుర్తుతో గెలిచెను. ఇన్నియేండ్ల చరిత్రయు ఒక జానెడు పెచ్చులో నాకు కనబడినది.

నేను దానిని చూచి, మెచ్చుకొని, ఇంటికి పోతిని. చేతిలో ఛాయాచిత్రములు తీయగల ఫోనున్నది. రేపు తీయవచ్చు ననుకొంటిని. నెల తిరుగకముందే ఆ గోడను పడగొట్టి దుకాణపు గదులు కట్టిరి. కట్టుకొన్నవారి తప్పేమియు లేదు, గోడ వారిది. తప్పు నాది.

గోడవ్రాత యనగానే అల్లరి కుఱ్ఱవాండ్రు బొగ్గుతో గీచు పిచ్చిగీతలే మనకు తోచును. అవియు గోడవ్రాతలే. కాని ఒక్కసారి జ్ఞాపకము చేసికొనుడు. దేశమున దోమలమందు చల్లిన కాలములో, మందు కొట్టిన తేదీని ఇంటిగోడపై వ్రాసి పోవువారు గదా! కుటుంబనియంత్రణమువారి ఎఱ్ఱని తలక్రిందు త్రికోణము ఏ ఊరి గోడపై లేకుండెను? జనాభా లెక్కలవారు ద్వారబంధముప్రక్కను వేసిపోవు అంకెలు, పోలియో చుక్కలు వేయువారు సుద్దముక్కతో వ్రాయు గుర్తులు కూడ ఇందులోనివే. పిల్లలందఱకు చుక్కలు పడినచో ఇంగ్లీషు ‘పి’ అక్షరము, ఎవరైన మిగిలియున్నచో ఇంటూ గుర్తు. చూచువారికి అది సుద్దగీత. ఆ యింటి పసిబిడ్డకు అది యొక రక్షాపత్రము. ఒక వానకే అది కొట్టుకొనిపోవును.

ఇక ఆడువారు వేకువను వాకిట పెట్టు ముగ్గులున్నవి. గోడమీద కాక నేలమీద నున్నను, వీధిలో పోవు ప్రతివానికొరకు వేయబడిన చిత్రమే గదా. సాయంకాలమునకు అది యుండదు. ఉండవలెనని పెట్టినవారును కోరరు.

కావున ప్రశ్న యిది. పోవుటకే పుట్టిన దానిని నిలుపుట ఎట్లు? నిలుపుటవలన ఎవరికేమి లాభము?

పూర్వులు రాతిపై చెక్కినది నిలిచినది. మాకు ఉత్తరముగా కామవరపుకోటకు దగ్గరనున్న గుంటుపల్లి కొండమీది బౌద్ధగుహలు క్రీస్తుకు పూర్వమునాటివి. అచ్చటి బ్రాహ్మీలిపి శాసనములను పండితులు కాగితముపై సిరాతో అచ్చుతీసి చదివినారు. గుహలను చూడబోయిన యువకులు కొందఱు అట్టిచోట్ల తమ పేరును, తాము వలచినవారి పేరును బొగ్గుతోనో మేకుతోనో వ్రాసివత్తురు. నేను గోడవ్రాతల పక్షపాతినైనను దీనిని సమర్థింపను. రక్షితకట్టడమును పాడుచేసినవారికి 1958 నాటి చట్టము, 2010లో సవరింపబడినపిమ్మట, రెండేండ్ల వరకు ఖైదును లక్షరూపాయలవరకు జుల్మానాను విధించుచున్నది. అయినను ఒక చిత్రము వినుడు. సింహళమున సిగిరియ కొండమీద అద్దమువలె నునుపైన గోడ యొకటి కలదు. వేయి పండ్రెండువందల యేండ్లక్రిందట అచ్చటికి వచ్చిన యాత్రికులు, కొండపై చిత్రింపబడిన సుందరులను చూచి మురిసి, ఆ గోడపై పద్యములు గీచిపోయిరి. సేనరత్ పరణవితాన అను పండితుడు వానిని ఓపికతో చదివి, 685 పద్యములను 1956లో అచ్చువేయించెను. నాడు అది బాటసారుల దుడుకుతనము. నేడు సింహళభాషకు ప్రాచీనకావ్యసంపద. దుడుకుతనము ఎన్నియేండ్లకు సంపద యగునో లెక్కగట్టగలవాడను కాను.

రాతిగోడ వేయియేండ్లు కాచుకొని యుండగలదు. మట్టిగోడ కాచుకొని యుండదు. ఇందుకు మిథిల కథ చెప్పవలెను. 1934 జనవరి 15న బీహారునందు మహాభూకంపము వచ్చెను. మధుబని ప్రాంతమున ఆర్చర్ అను ఆంగ్లేయ అధికారి నష్టములను విచారించుటకు ఊరూర తిరుగుచు, కూలిన యిండ్ల లోపలిగోడలను చూచి నిర్ఘాంతపోయెను. పరాయివాని కన్ను పడరాని పెండ్లిగదుల గోడలపై స్త్రీలు వేసిన తామరలు, వెదుళ్లు, చేపలు, దేవతలు పగటివెలుగులో బయటపడియుండెను. ఆయన వానికి ఛాయాచిత్రములు తీసెను. 1949లో ‘మార్గ్’ అను పత్రికలో వానినిగూర్చి వ్రాసెను. అంతవరకు ఆ చిత్రకళ యొకటి కలదని వెలుపలివారికి తెలియదు. 1960ల చివర ఆ ప్రాంతమున కరవు వచ్చినప్పుడు, ఆ స్త్రీలచేత కాగితముపై వేయించి అమ్మించిరి. అదియే నేడు మధుబని చిత్రములని పేరుగాంచి కుటుంబములకు కూడుపెట్టుచున్నది. ఆర్చరు చూచిన గోడలు మాత్రము ఏనాడో మట్టిలో కలిసిపోయినవి.

మన దేశీయులలో ఈ పనికి జీవితమును ధారపోసినవాడు బరోడాకు చెందిన చిత్రకారుడు జ్యోతిభట్. ఆయన 1967 మొదలుకొని గుజరాతు, రాజస్థానము మున్నగు ప్రాంతముల పల్లెలు తిరిగి, గోడలపైనను నేలపైనను స్త్రీలు వేయు బొమ్మలను ఛాయాచిత్రములుగా తీసెను. ఆయన పటములలో గోడ యొక్కటే యుండదు. దాని యెదుట కూర్చున్న ముసలమ్మ, కట్టుగొయ్యవద్ద ఆవు, ఆరవేసిన బట్ట కూడ నుండును. ఇది చిన్నసంగతి కాదు. ఏల చిన్నసంగతి కాదో నా అనుభవము కొంచెము చెప్పిన పిమ్మట మీకు తెలియగలదు.

కొల్లేటి యంచున ఒక లంకగ్రామములో మా మేనమామగారి యిల్లుండెడిది. వరద యింటిలోనికి వచ్చిన ప్రతిసారియు ఆయన చావడిగోడపై నీరెక్కినంతవరకు కత్తిమొనతో గీతగీచి, ప్రక్కను జేగురుతో సంవత్సరము వ్రాసెడివాడు. చిన్నతనమున మేము ఆ గీతలతో మా యెత్తు కొలుచుకొనెడివారము. మొన్నటి ప్రహరీగోడ గుణపాఠము మనసులో నుండుటచే, ఆ యిల్లు పడగొట్టుదురని వినగానే నేను పరుగునపోయి పటము తీసితిని. అన్నిటికంటె పైనున్న గీతను, దాని సంవత్సరమును, దగ్గరగా, ఎంతో స్పష్టముగా తీసితిని. జేగురు అక్షరముల రవ్వలుకూడ లెక్కింపవచ్చును. సంతోషముతో తిరిగివచ్చితిని.

కొల్లేటి దేశమున ఒక అడుగు ఎత్తనిన సామాన్యమైన మాట కాదు. 1999లో సముద్రమట్టమునకు ఐదడుగుల ఎత్తు రేఖవరకు సరస్సును పక్షిరక్షితప్రాంతముగా ప్రకటించిరి. 2006లో ఆ రేఖకు లోపలి చేపలచెరువుల గట్లు తెగగొట్టిరి. ఆ యొక్క రేఖకు అటునిటు ఎందఱి బ్రతుకులు మాఱిపోయినవో మీ రెఱుగుదురు. అట్టి దేశమున మా బంధువులు క్రొత్తయిల్లు కట్టబూని, అరుగు ఎంతయెత్తున లేపవలెనని తర్కించుకొనిరి. పాతవరద గీతకు పైన నుండవలెనని పెద్దలనిరి. గీత యేది? గోడ లేదు. "మన బావ పటం తీశాడు గదా" అని నాకు కబురంపిరి. నేను గర్వముగనే పోయి చూపితిని. మేనమామగారి కుమారుడు దానిని అటునిటు త్రిప్పిచూచి, "బావా, ఇందులో గీత ఉంది గాని గడప లేదు గదా! నేలకి ఎంతెత్తున ఉందో ఎలా చెప్పేది?" అనెను.

నాయొద్ద సమాధానము లేకపోయెను. గీతయు సంవత్సరమును ఉన్నవి, ఎత్తు లేదు. ఎత్తు లేని వరదగుర్తు ఎందులకు? చివరకు ఒక వృద్ధుడు తన రొమ్మువరకని చెప్పగా, మఱియొకడు కాదు నడుమువరకే యనగా, నడుమ నొకచోట నిశ్చయించి కట్టిరి. వరద వచ్చినప్పుడే అది సరియగునో కాదో తెలియవలెను. ఆ యింటిలో పసిపిల్లలున్నారు. వానకాలము వచ్చిన ప్రతిసారియు నాకు ఆ పటము జ్ఞాపకమునకు వచ్చును.

అందుచేత ఇక చెప్పబోవునది పుస్తకములో చదివినది కాదు. మొదట దూరముగా నిలిచి, ఇల్లు, వీధి, అరుగు కనబడునట్లు ఒక పటము తీయవలెను. తరువాత గోడ యంతయు. ఆ తరువాతనే అక్షరములు. అడుగులు గుర్తుపెట్టిన కఱ్ఱ నొకదానిని గోడకు ఆనించి తీసిన, కొలత దానంతట అదియే వచ్చును. కఱ్ఱ లేనిచో మనిషిని నిలుపవచ్చును, కాని వాని ఎత్తు వ్రాసికొనవలెను. ఫోనును గోడకు సమముగా ఎదురుగా పట్టవలెను, వాలుగా పట్టిన అక్షరములు తూలును. గీచిన వ్రాతలకు నడిమధ్యాహ్నపు ఎండ పనికిరాదు. ఉదయముననో సాయంకాలముననో ప్రక్కనుండి వాలుగా పడు ఎండలో ప్రతిగంటునకు నీడ యేర్పడి, మామూలుగా కనబడనివి కూడ కనబడును. రంగుల వ్రాతలకు మబ్బుపట్టిన దినమే మేలు. ఊరు, వీధి, తేదీ, ఎవరు వ్రాసిరి, ఎవరు వ్రాయించిరి అనునవి అప్పుడే వ్రాసికొనవలెను. రేపు వ్రాసికొందమనుకొన్నచో ఏమగునో ఇదివరకే చెప్పితిని.

మఱునాడో మఱుసటియేడో మరల అచ్చటికే పోయి, నిలిచినచోటనే నిలిచి తీయుట ఇంకను మేలు. పారిసు నగరమున బ్రస్సాయి అను ఛాయాచిత్రకారుడు 1930లనుండి గోడలపై జనులు గీచిన ముఖములను, హృదయములను, కపాలములను పటములు తీయుచు, ఏ వీధిలో ఏ గోడయో చిన్నపుస్తకములో గుర్తు వ్రాసికొని, ఏండ్లు గడచినపిమ్మట మరల పోయి చూచెడివాడట. గీత లోతై, వర్షము కరగించి, ఇతరులు చేయిపెట్టి, ముఖము వేఱొక ముఖమైయుండెడిది. గోడకును వార్ధక్యము కలదని ఆయన పటములు చూపుచున్నవి.

పటము చెప్పలేనిది చలనచిత్రము చెప్పును. 1970లలో అమెరికాలోని న్యూయార్కు నగరమున యువకులు రాత్రివేళ రైలుషెడ్లలో దూరి, భూగర్భరైళ్ల పెట్టెలపై నిలువెత్తు రంగుటక్షరములతో తమ మాఱుపేళ్లు వ్రాయసాగిరి. మార్తా కూపర్ అను పత్రికాఛాయాచిత్రకారిణియు, హెన్రీ చాల్‌ఫాంట్ అను శిల్పియు వానిని పట్టుబట్టి తీసిరి. రైలు కదలిపోవును గదా. చాల్‌ఫాంటు ఎదుటి ప్లాట్‌ఫారముపై నిలిచి, ఒకే పెట్టెను ముక్కముక్కలుగా వరుసగా తీసి, ఆ ముక్కల నతికి పెట్టె మొత్తమును చూపెను. వారిరువురి పుస్తకము 1984లో వెలువడెను. 1989 నాటికి రైల్వేవారు వ్రాతలున్న పెట్టె నొక్కదానినికూడ తిరుగనీయక అన్నిటిని శుభ్రము చేసిరి. రైళ్లపై నొక్క అక్షరము లేదు, పుస్తకములో నున్నవి.

అయితే 1983లో చాల్‌ఫాంటు టోనీ సిల్వర్‌తో కలిసి తీసిన ‘స్టైల్ వార్స్’ అను చలనచిత్రమునందు వేఱొక గుణము కలదు. వ్రాయు బాలుడు మాటలాడును, వాని తల్లి ప్రక్కనే నిలిచి వానిని చీవాట్లు పెట్టును, నగరపాలకుడు కోపించును, పోలీసులు తమ బాధ చెప్పుకొందురు. ఎవరి నోటిని మూయలేదు. గోడవ్రాత యనునది ఒకనికి కళయై, ఇంకొకనికి సున్నపుఖర్చైయుండునను సంగతి ఒక్క పటములో ఇమడదు. మనయొద్దకూడ అనుమతిలేక గోడలు పాడుచేయుటను నిషేధించుచు ఆంధ్రప్రదేశమున 1997లో చట్టము చేసిరి. ఇంటివారిని అడిగి వ్రాయుట, ఇంటివారిని అడిగి పటము తీయుట మర్యాద.

అడుగకుండ, అడిగినను, తీయరానివి కొన్ని గలవు. ఒకప్పుడు బడిగోడపై ఒక బాలిక పేరు వ్రాసి దానిప్రక్క నీచపుమాట వ్రాసిరి. నా వెంటనున్న కుఱ్ఱవాడు, "ఇదికూడా చరిత్రే గదండీ, తీయండి" అనెను. నేను తీయలేదు; నీళ్లు తెచ్చి కడిగితిమి. అట్టిదానికి పదికాలములు బ్రతుకు నిచ్చుట ఆ బాలికకు రెండవసారి అవమానము చేయుటయే. పండితులు నాతో ఏకీభవింపకపోవచ్చును.

మన రాజధానులలోని ముచ్చట క్లుప్తముగా చెప్పెదను. ఢిల్లీలో 2014లో స్థాపితమైన స్టార్ట్ ఇండియా అను సంస్థవారు 2016లో హైదరాబాదున మక్తా అను బస్తీయిండ్ల గోడలపై దేశవిదేశ చిత్రకారులచేత పెద్దపెద్ద బొమ్మలు వేయించిరి. ఆ సంస్థాపకులలో నొకడైన హనీఫ్ కురేషి తొలుత గోడలపై అక్షరములు వ్రాయు పనివాండ్ర వద్ద శిష్యుడు. ఆయన ‘హ్యాండ్‌పెయింటెడ్ టైప్’ అను పేర, ఊరూరి బోర్డు పెయింటరుల అక్షరములను సేకరించి కంప్యూటరు అక్షరములుగా మలపించెను, 2024లో మరణించెను. నాకు మక్తా బొమ్మలకంటె ఈ సేకరణయే గొప్పగా తోచును. బొమ్మ వేసినవాని పేరు పత్రికలలో వచ్చును. దుకాణముపై ‘కిరాణా మరియు జనరల్’ అని అరువదియేండ్లు వ్రాసినవాని పేరు ఎందులో వచ్చును?

మా ప్రాంతమున అట్టి పెయింటరు లొకప్పుడు ప్రతియూరను నుండిరి. సినిమావారికి, ఎరువులవారికి, ఎన్నికలవారికి అందఱకు వారే. ఫ్లెక్సీలు వచ్చినపిమ్మట గంటలో ఏలూరునుండి అచ్చయివచ్చు బట్టముందు వారి కుంచె నిలువలేదు. ఒకరు మాత్రము మాకు దగ్గరయూర ఇంకను వ్రాయుచున్నారు. గత సంవత్సరము ఒక రైసుమిల్లు గోడపై ఆయన వ్రాయుచుండగా, వారి యనుమతితో మొదటినుండి చివరవరకు చలనచిత్రము తీసితిని. నీలిమందునీటిలో ముంచిన దారమును గోడపై బిగలాగి వదలి గీతలు కొట్టెను. కొలబద్ద ముట్టలేదు, జానతో కొలిచెను. అక్షరముల శరీరములన్నిటిని ముందు వ్రాసి, తలకట్లను చివరకు ఒక్క ఊపున, ఎడమనుండి కుడికి, కోడిపుంజు నడచినట్లు వరుసగా పెట్టుచుపోయెను. ఇదివరకు ఆయన అక్షరములను వందసార్లు చూచితిని. ఈ క్రమము పటములో నెన్నడు పట్టువడలేదు. ఏల నట్లు చేయుదురని అడుగగా, "ఒక్క ఊపులో పెడితే అన్నీ ఒక్క వాలుకొస్తాయండి. మధ్యలో టీకి లేస్తే వాలు మారిపోద్ది మేష్టారండీ" అనెను.

తీసినదానిని మూడుచోట్ల దాచితిని. ఫోను పోవును, యంత్రము చెడును. కావున ముఖ్యమైన పటములను కాగితముపై అచ్చువేయించి, వెనుక పెన్సిలుతో వివరములు వ్రాసి, ఒక ప్రతిని మా బంధువుల యింట నుంచితిని. మేనమామగారి గీత పటము వెనుక ఇద్దఱు వృద్ధుల మాటలను రెండింటిని వ్రాసియుంచితిని.

పెయింటరుగారికి ఆయన చిత్రమును చూపవలెనని మొన్న వారి యింటికి పోతిని. ఆయన అరుగుపై కూర్చుండి, కన్నులజోడు సవరించుకొని, కదలక చూచెను. మనుమలు చుట్టు మూగిరి. ఒకచోట ఆపుమని చేయి చూపి, తెరను దగ్గరకు తీసికొని, "ఆ రెండో వరుసలో ‘ళ’ కాస్త కుంగిందండి. దగ్గర నుంచి రాస్తుంటే తెలియలేదు. మిల్లువారికి చెప్పకండి" అని, మఱునాటి యుదయమే నిచ్చెన వేసికొని పోయి ఆ యొక్క అక్షరమును దిద్ది వచ్చెను. నేను కఱ్ఱయు ఫోనును తీసికొని మరల పోయి, దిద్దిన గోడకు ఇంకొక పటము తీసి తేదీ వేసితిని.